ఆర్ద్ర బతికున్నట్టు కాగితం

దీపాలమెట్ట మీద ఒక మనిషికి ఒక చుక్క ఉండేది. మనిషి పేరు ఎరకయ్య, చుక్క పేరు ఆర్ద్ర. మనిషి ఇరవై ఆరేళ్లుగా టెంపరరీ. చుక్క టెంపరరీయా పర్మినెంటా అని అప్పటిదాకా ఎవరూ అడగలేదు. అడిగాకే వచ్చింది తంటా అంతా.

ఆ మెట్ట మీద రాష్ట్ర నక్షత్ర పర్యవేక్షణ శాఖ వారి కార్యాలయం ఉంది. ఒక తెల్లటి గుమ్మటం, గుమ్మటంలో ఒక దుర్భిణి, దాని చుట్టూ పదిహేడు గదుల ఆఫీసు. దుర్భిణి మొదటినుంచీ ఒక్కటే. గదులే ఏటేటా పెరిగాయి. శాఖ పుట్టిన రోజుల్లో ఎవరో పుణ్యాత్ముడు ఒక చుక్కకి ఒక పోస్టు అని రాసిపెట్టాడు. పోనుపోను మిగతా చుక్కల పోస్టులన్నీ టపా గదికీ, టైపు గదికీ, డైరెక్టరుగారి పెరట్లో బెండమొక్కలకీ మళ్లిపోయాయి. నిజంగా చుక్కని చూసే పోస్టు ఒక్కటే మిగిలింది. అది ఆర్ద్ర పేరిట మంజూరైనది. అందులో ఉన్నవాడు ఎరకయ్య.

పని చిన్నదే. ఆర్ద్ర పైకొచ్చే వేళకి బయటికొచ్చి, ఆ ఎర్రచుక్కని ఒట్టి కంటితో చూసి, పక్క చుక్కలతో పోల్చి, రిజిస్టరులో ఒక ముక్క రాయాలి. ఎరకయ్య చదువు మూడో తరగతి. అందుకని కిరసనాయిలు దీపం లెక్కలో రాసేవాడు. నిన్నటిలాగే ఉంటే "వత్తి సమం". వెలుగు హెచ్చితే "వత్తి పైకి". తగ్గితే "వత్తి కిందికి". జ్వరమొచ్చినా ఆ ముక్క మానలేదు. పెళ్లి పీటల మీదనుంచి లేచివెళ్లి చూసొచ్చి మళ్లీ కూచున్నాడని భార్య సన్నెమ్మ ఇప్పటికీ దెప్పుతూనే ఉంటుంది.

అతనికి కావలసింది పర్మినెంటు కాగితం. టెంపరరీవాణ్ణి ఏ పొద్దునైనా పొమ్మనొచ్చు. పొమ్మంటే పోవడానికి కింద వాళ్లకి ఊరు లేదు. ఊరు రిజర్వాయరు నీళ్లకిందకి పోయి ముప్పై ఏళ్లు. మెట్ట మీద రెండు గదుల క్వార్టరే వాళ్ల ఊరు. డైరెక్టరు మారినప్పుడల్లా ఎరకయ్య చేతులు కట్టుకుని వెళ్లి నిలబడేవాడు. వెళ్లిపోయే డైరెక్టరు "వచ్చేవారు చేస్తారు" అనేవాడు. వచ్చిన డైరెక్టరు "వెళ్లినవారు చేయవలసింది" అనేవాడు.

అలా ఉండగా ఏదో జిల్లాలో మూడువందలమంది చచ్చిపోయినవాళ్లు పింఛను పుచ్చుకుంటున్నారని బయటపడింది. పైవాళ్లు కళ్లెర్రజేశారు. ఏ శాఖ జాబితాలో పేరున్నవారైనా సరే, నవంబరు నెలాఖరులోగా తాము బతికున్నట్టు కాగితం ఇవ్వాలి, ఇవ్వకపోతే లేనట్టే అని ఉత్తర్వు వేశారు. నక్షత్ర శాఖకి అటువంటి జాబితా ఏమీ లేదు. లేదు అని రాస్తే శాఖకి చిన్నతనమని డైరెక్టరు మార్తాండరావుగారికి తోచింది. "పోస్టు ఎవరి పేరిట మంజూరైనది" అన్న గడిలో ఒక పేరు కనబడితే అదే రాసి పంపేశారు.

పది రోజుల్లో ఆర్ద్ర పేరిట ఫారం వచ్చింది.

మార్తాండరావుగారు ఎరకయ్యని పిలిపించారు. ఆయన నోరు తెరిస్తే ఫైలు విప్పినట్టే ఉంటుంది.

"సదరు ఆర్ద్ర నక్షత్రం కార్యాలయమునకు స్వయంగా హాజరై వేలిముద్ర వేయవలసి ఉన్నది."

"ఏలెక్కడిది బాబూ దానికి?"

"వేలు లేనివారికి వేరే నిబంధన కలదు. కంటిపాప చూపించవచ్చును."

"కన్నూ నేదు బాబూ. అదే పెద్ద కన్నులాగుంటాది గానీ, పాప నేదు."

"మంచము పట్టినవారైతే అధికారియే వెళ్లి చూసి ధ్రువపరచవచ్చును. దూరమెంత?"

ఆ మాట నౌషీన్‌ని అడిగారు. ఆ ఆఫీసులో చుక్కల గురించి చదువుకున్న మనిషి ఆ అమ్మాయి ఒక్కతే. అందుకే ఆమెది ఆర్నెల్ల కాంట్రాక్టు.

"వెలుగంత వేగంగా పరిగెడితే ఐదారువందల ఏళ్లు పడుతుంది సార్."

మార్తాండరావుగారు గోడమీద క్యాలెండరు వంక చూశారు. "అంత సెలవు నాకు లేదు" అని ఫారం ఎరకయ్య చేతికిచ్చి, రోజూ చూస్తున్నావు గనక సాక్షిగా నువ్వే సంతకం పెట్టు అన్నారు. ఎరకయ్య ఆ రాత్రి ఒకటికి రెండుసార్లు చూసి, "బతికే ఉంది, వత్తి సమం" అని రాసి సంతకం పెట్టాడు.

కాగితం మీద సంతకం ఆరకముందే తనిఖీ అధికారి చిదంబరరావుగారు దిగారు. సన్నటి మనిషి. చెయ్యి ముందుకొచ్చిందంటే అందులో ఎర్రసిరా పెన్ను ఉండి తీరుతుంది. వచ్చీ రాగానే ఎరకయ్య రిజిస్టర్లు ముందేసుకున్నారు.

"ఏటా మే నెల నుండి జూలై దాకా పుటలు ఖాళీ. కారణము?"

"అప్పుడగుపడదు బాబూ. సూరీడు అటేపే ఉంటాడు కదా. ఆర్ద్ర కార్తెలో ఆర్ద్రే అగుపడదు."

"సెలవు చీటీ పెట్టినదా?"

"సుక్కా బాబూ?"

"ఇరవై ఆరేళ్లు, ఏటేటా, అనుమతి లేని గైరుహాజరు." ఎర్రసిరా గీత పడింది. "పోనిమ్ము. నిన్న రాత్రి చూసి బతికి ఉన్నది అని వ్రాసినావు. నీవు చూసిన వెలుగు ఎప్పటిది?"

ఎరకయ్యకి తెలియదు. నౌషీన్‌కి తెలుసు. అబద్ధం మాత్రం రాదు.

"అక్కడ బయల్దేరి ఐదారువందల ఏళ్లయింది సార్. ఇవాళ ఆర్ద్ర ఉందో లేదో ఈ భూమ్మీద ఎవరూ చెప్పలేరు. ఎప్పుడో పేలిపోయి కూడా ఉండొచ్చు. ఆ కబురు ఇంకా దారిలో ఉండొచ్చు."

చిదంబరరావుగారి మొహం వెలిగిపోయింది. "ఆరు నెలలు దాటిన ఫోటోయే చెల్లదు. మీరు ఆరువందల ఏళ్లనాటి వెలుగు జతపరచినారు! ఆర్ద్ర జీవించి ఉన్నట్లు రూఢి కాలేదు. రూఢి కాని చుక్క మీద పోస్టు నిలవదు. పోస్టు లేనివానికి క్వార్టరు లేదు. నెలాఖరునకు ఖాళీ చేయించునది."

ఎరకయ్య ఇంటికొచ్చి గడపమీద కూలబడ్డాడు.

"ఏటయ్యా, ఆ మొకమేటి?" అంది సన్నెమ్మ పొయ్యి ఊదుతూ.

"ఎర్రసుక్క ఉందో నేదో తెల్దంట. అది తేలకపోతే మనల్ని ఎల్లిపొమ్మన్నారే."

"ఓలమ్మో! అది అక్కడ లేపోతే మనం ఇక్కడ లేకుండా పోవాలా? ఎవుడు రాసినాడా రూలు?"

"రూలుకి రాసినోడుంటాడేటే. అదలా ఉంటాదంతే."

మార్తాండరావుగారికీ ఆ పూట అన్నం సహించలేదు. ఎరకయ్య మీద జాలితో కాదు. ఉన్న ఒక్క చుక్కా పోతే నక్షత్ర శాఖ దేనికి అని ఎవరైనా అడుగుతారు. అడిగితే పదిహేడు గదులకీ సమాధానం చెప్పుకోవాలి. తెల్లారేసరికి ఆయనకి దారి దొరికింది.

"ఎరకయ్యా, జీవించి ఉన్నట్లు నిరూపించుట అసాధ్యము. మరణించినట్లు నిరూపించినచో? విధి నిర్వహణలో మరణించిన వారి వారసునికి కారుణ్య నియామకము కలదు. అది," ఆయన గొంతు తగ్గించారు, "పర్మినెంటు."

ఆ మాటకి ఎరకయ్య ఒకడుగు ముందుకొచ్చాడు.

"సచ్చిపోనాదని రాయాలా బాబూ? ఉన్నాది కదా!"

"చచ్చిపోయినదని నిన్నెవరు వ్రాయమన్నారు? కనపడలేదు అని వ్రాయి. వరుసగా కనపడకపోయినచో మిగిలినది నిబంధనలే చూసుకొనును. అది తేలువరకు క్వార్టరు ఖాళీ చేయనక్కరలేదు."

ఆ రాత్రి ఎరకయ్య బయటికొచ్చాడు. ఆకాశం కడిగినట్టుంది. ఆర్ద్ర నిప్పుకణికలా నిక్షేపంగా ఉంది. వత్తి సమం. లోపలికెళ్లి రిజిస్టరులో "కనపడలేదు" అని రాశాడు. రాసి, అక్షరాల మీద చెయ్యి అడ్డం పెట్టి కాసేపు కూచున్నాడు. ఇంటికొచ్చాక నిద్ర పట్టలేదు. లేచి సుద్దముక్క తీసుకుని, వంటింట్లో పొగకి నల్లబడిన గోడమీద ఒక నిలువు గీత గీశాడు. సమం అయితే నిలువు, పైకైతే కుడికి వాలు, కిందికైతే ఎడమకి వాలు. పక్కన తారీకు.

పొద్దున్నే సన్నెమ్మ చూసింది. "నా గోడమీద ఈ గీతలేటి?"

"ఆఫీసులో అబద్దం రాసినానే. ఇంట్లోనైనా నిజం ఉండాల కాదేటి."

"నిజం పెట్టుకోడానికి నా పొయ్యిమీద గోడే దొరికిందేటి నీకు?" అంది గానీ చెరపలేదు.

చుక్క చచ్చిపోవాలంటే మరణ కారణం కావాలి. అది రాయమని నౌషీన్‌ని పిలిచారు. అది రోజూ కనపడుతూనే ఉంది సార్, నేను రాయను అంది. ఇది చచ్చినదని వ్రాయనక్కరలేదు, ఇటువంటివి సాధారణముగా ఎట్లు చచ్చునో చెప్పిన చాలును అన్నారు మార్తాండరావుగారు. అలాగైతే చెప్పడానికి ఆమెకి అభ్యంతరం లేదు. ఆయనకి అర్థమయ్యే భాషలోనే చెప్పింది.

"మన ఆఫీసు పుట్టినట్టే పుడుతుంది సార్. మొదట ఒట్టి ధూళి, గాలి, ఒక పేద్ద మబ్బు. అందులో ఒకచోట కాస్త బరువు చేరుతుంది. బరువున్న చోటికే ఇంకా ఇంకా వచ్చి చేరతాయి. చేరి చేరి నడుమ వేడెక్కి అంటుకుంటుంది. మన సూర్యుడు చిన్న గుమస్తా. తక్కువ తింటాడు, వెయ్యికోట్ల ఏళ్లు నెట్టుకొస్తాడు. ఆర్ద్ర పెద్ద అధికారి. సూర్యుడికి పదిహేను ఇరవై రెట్ల బరువు. అంత బరువుకి అంత ఆకలి. కోటి ఏళ్లకే మొత్తం అయిపోతుంది."

"పెద్ద అధికారులు అంత త్వరగా పోవుదురా?" మార్తాండరావుగారు మంచినీళ్లు అందుకున్నారు.

"పోతారు సార్. నడుమ ఒక ఫైలు కాలుతూ ఉంటుందనుకోండి. మొదటి బల్ల మీద హైడ్రోజన్, తొంభై లక్షల ఏళ్లు పడుతుంది. దాని బూడిద హీలియం. అది రెండో బల్ల మీద పది లక్షల ఏళ్లు. దాని బూడిద బొగ్గు, అది కొన్ని వందల ఏళ్లలో అయిపోతుంది. అక్కణ్ణుంచి బల్ల మారినకొద్దీ హడావిడి. ఒకచోట ఏడాది, ఒకచోట కొన్ని నెలలు, ఆఖరి బల్ల మీద ఒక్క రోజు. ఆ ఒక్క రోజులో అంతా ఇనుమైపోతుంది. ఇనుము కాలదు సార్. దాన్నుంచి వేడి రాదు. పైగా ఉన్న వేడిని అదే మింగుతుంది."

"అటువంటి సెక్షను మన వద్దనూ కలదు," అన్నారు మార్తాండరావుగారు గంభీరంగా.

"పై పొరలన్నీ ఆ నడిమి వేడి ఆసరాతోనే నిలబడి ఉంటాయి. అది ఆగగానే రెప్పపాటు కూడా పట్టదు, నడుమ కుప్పకూలిపోతుంది. పైవన్నీ వచ్చి దాని మీద పడి, ఎదురుదెబ్బ తిని, పేలిపోతాయి. బయటివాడికి మాత్రం ముందురోజు దాకా ఏమీ తెలీదు. ఒళ్లు ఉబ్బి, ఎర్రగా, దర్జాగా కనపడుతూ ఉంటుంది."

మార్తాండరావుగారు తన పొట్ట వంక చూసుకుని, కుర్చీలో సర్దుకుని, గుమస్తాకి చెప్పారు. "మరణ కారణము: మధ్య విభాగమున దస్త్రము కదలకపోవుట."

ఇక వారసుడు. ఎరకయ్యని ఆర్ద్రకి వారసుడిగా నిలబెట్టాలి. అది తహసీల్దారు పరదేశినాయుడుగారి పని. ఆయన మండలంలో భూములకి వారసుల్ని తేల్చి తేల్చి జుట్టు ఊడిపోయిన మనిషి. ఆకాశం ఆయనకి కొత్త.

"ఎరకయ్యకి, ఈ చుక్కకి సంబంధమేటమ్మా?" అని నౌషీన్‌ని అడిగారు.

"మన నెత్తుట్లో ఇనుముంది కదండీ. అది నక్షత్రాల్లో పుట్టి, అవి పేలితే బయటపడిందే."

"అలాగైతే కొడుకన్నమాట."

"కాదండీ. ఆర్ద్ర వయసు కోటి ఏళ్లు. ఎరకయ్య బాబాయ్ ఒంట్లో ఇనుము భూమికన్నా పాతది. భూమికే నాలుగువందల యాభై కోట్ల ఏళ్లు. అంతకుముందెప్పుడో పేలిన పాత చుక్కల బూడిదలోంచి మనమూ వచ్చాం, ఆర్ద్రా వచ్చింది."

పరదేశినాయుడుగారు వేళ్లమీద లెక్కపెట్టుకున్నారు. "తాతలు ఒకళ్లే. ఈడు ముందు, ఆడు తరవాత. అయితే ఎరకయ్య అన్న, ఆర్ద్ర తమ్ముడు. తమ్ముడికి పెళ్లాం ఉందా?"

"పక్కన చిన్న చుక్క ఒకటి తిరుగుతోందంటున్నారండీ."

"రిజిస్టరైన సంబంధమేనా?"

"కాదనుకుంటానండీ."

"అలాగైతే లెక్కలోకి రాదు."

చిక్కేమిటంటే ఆ లెక్కన భూమ్మీద ఎనిమిదివందల కోట్లమందీ ఆర్ద్రకి అన్నలూ అక్కలే. పేపర్లో ప్రకటన వేసి, అభ్యంతరం ఉన్నవాళ్లు పదిహేను రోజుల్లో మండలాఫీసుకి రావాలన్నారు. ఎవరూ రాలేదు. అయినా ఇనుము ఉన్నట్టు డాక్టరు కాగితం కావాలని ఎరకయ్యకి నెత్తురు పరీక్ష చేయించారు. తొమ్మిది పాయింట్లే వచ్చింది.

"వారసత్వం పలచగా ఉందయ్యా," అన్నారు పరదేశినాయుడుగారు దిగులుగా. పోల్చి చూడటానికి సన్నెమ్మకి కూడా చేయించారు. పన్నెండున్నర. "అమ్మగారే దగ్గరి వారసురాలు. ఉద్యోగం ఈవిడకే ఇవ్వాలి."

సన్నెమ్మ చెయ్యి లాక్కుంది. "నాకొద్దు మీ ఉజ్జోగం! బతికున్నోడికి దినాలు సేసే ఆఫీసులో నాను సేరను."

అలా అన్నదే గానీ, మొగుడి మొహం చూడలేక నెల్లాళ్లపాటు మునగాకు, రాగి అంబలి, బెల్లంముక్క అతని గొంతులో పోసింది. మళ్లీ పరీక్ష చేయిస్తే పదకొండు. తహసీల్దారు సంతకం పెట్టారు.

ఈలోగా గోడమీద గీతలు పెరుగుతూ పోయాయి. సంక్రాంతి వెళ్లాక గీతలన్నీ ఎడమకే వాలడం మొదలెట్టాయి. వత్తి కిందికి, కిందికి, ఇంకా కిందికి. ఇరవై ఆరేళ్లలో అంత తగ్గడం ఎరకయ్య చూడలేదు. ఆఖరి వారం మళ్లీ వణుకుతూ పైకొచ్చింది. నౌషీన్‌కి చెబుదామని రెండుసార్లు ఆమె గది దాకా వెళ్లాడు. రిజిస్టరులో కనపడని చుక్క తగ్గిందని ఎలా చెబుతాడు? పర్మినెంటు కాగితం టైపు గదిలో ఉంది. తిరిగొచ్చేశాడు.

ఫిబ్రవరిలో ఒక సాయంత్రం నాలుగు గంటలకి ఆర్ద్ర సంతాప సభ పెట్టారు. ఆ సభలోనే ఎరకయ్యకి నియామక పత్రం. షామియానా వేశారు. నల్లటి అట్టమీద ఒక ఎర్రచుక్క పెట్టి, ఫ్రేము కట్టించి, చామంతి దండ వేశారు. ఎరకయ్య కొత్త చొక్కాలో, మెడ తిప్పితే మాసిపోతుందన్నట్టు నిటారుగా కూచున్నాడు. మార్తాండరావుగారు మాట్లాడారు. దివంగత ఆర్ద్ర నిరాడంబరి అనీ, ఏనాడూ పదోన్నతి అడగలేదనీ, గైరుహాజరు విషయమై వచ్చిన ఆరోపణలను ఈ విషాద సమయమున ప్రస్తావింపదలచుకోలేదనీ అన్నారు. చిదంబరరావుగారు పత్రం చేత్తో పట్టుకుని లేచారు.

"ముందుగా రెండు నిమిషములు మౌనము."

అందరూ తలలు వంచారు. సన్నెమ్మ వంచలేదు. బతికున్నవాడికి తల వంచడం అశుభమని ఆమె పట్టు. మిగతావాళ్లు కాళ్లు చూసుకుంటుంటే ఆమె తూర్పున ఆకాశం చూస్తోంది.

"ఏటయ్యా," అంది మౌనం మధ్యలో. "అదేటి?"

"ష్!" అన్నారు మార్తాండరావుగారు.

"ష్ కాదు బాబూ, సూడండి. పట్టపగలు సుక్క!"

తలలు లేచాయి. ఎండ కాస్తోంది. పడమట సూర్యుడు ఉండగానే తూర్పున నీలాకాశంలో సూదిమొనంత వెలుగు. చూస్తుండగానే మిరపగింజంత అయింది. జొన్నగింజంత అయింది. ఎరకయ్యకి ఇంకొకరు చెప్పక్కరలేదు. పగలైనా, రాత్రైనా, ఆ చోటు అతని కంటికి తెలుసు. చొక్కా సంగతి మరిచిపోయి లేచి నిలబడ్డాడు.

"ఎర్రసుక్క," అన్నాడు. "వత్తి పైకి."

నౌషీన్ కుర్చీ పడదోసి గుమ్మటం వైపు నవ్వుతో, ఏడుపుతో పరిగెత్తింది.

చిదంబరరావుగారి చేతిలోని పత్రం మెల్లగా వెనక్కి వెళ్లింది. "మరణించిన వ్యక్తి తన సంతాప సభకు స్వయముగా హాజరైనది," అన్నారు.

"సార్, అది చచ్చిపోతోంది!" దారిలోంచే అరిచింది నౌషీన్. "మీరు చూస్తున్నది దాని చావే! నడుమ కూలిపోయింది, పేలిపోయింది, ఆ కబురు ఇప్పుడొచ్చింది!"

"అసంభవము," అన్నారు చిదంబరరావుగారు. "నవంబరులోనే మరణించినట్లు రికార్డున్నది. ఒక ఉద్యోగి రెండు పర్యాయములు మరణించుటకు నిబంధనలు ఒప్పవు. అందరి సమక్షమున, ఇంత వెలుగుతో హాజరైనందున సదరు ఆర్ద్ర జీవించి ఉన్నట్లే. నవంబరు మరణము రద్దు. దానిమీద ఇచ్చిన వారసత్వము రద్దు."

పర్మినెంటు పత్రం ఎరకయ్య కళ్లెదుటే నాలుగు ముక్కలయింది. ఆ బల్లమీదే ఆర్ద్ర బతికున్నట్టు కాగితం తయారైంది. హాజరైన విధము: స్వయముగా. ఆరోగ్య స్థితి: మునుపెన్నడును లేనంత దివ్యముగా ఉన్నది. పదకొండుమంది అధికారులు దాని వెలుగులోనే సంతకాలు చేశారు.

మూడు రోజులు నౌషీన్ నిద్రపోలేదు. నాలుగో రోజు ఎరకయ్య దగ్గరికొచ్చింది.

"బాబాయ్, దేశదేశాల్నుంచి అడుగుతున్నారు, ఆఖరి రోజుల్లో అది ఎలా ఉందని. చూసినవాళ్లున్నారు. కానీ ఇరవై ఆరేళ్లు ఒకే కంటితో చూసినవాడివి నువ్వు. నీ రిజిస్టరియ్యి."

ఎరకయ్య రిజిస్టరు తెచ్చి ముందు పెట్టాడు. ఆమె పుటలు తిప్పింది. కనపడలేదు. కనపడలేదు. కనపడలేదు. ఎనభై నాలుగు పుటలు, అతని చేతిరాతలోనే.

"ఇదేంటి బాబాయ్?"

"పర్మినెంటు కోసమమ్మా," అన్నాడు, నేల చూస్తూ. ఆపైన హఠాత్తుగా తలెత్తాడు. "ఓలమ్మ, గోడ!"

ఇద్దరూ క్వార్టరుకి పరిగెత్తారు. ఎందుకంటే ఆ ఉదయమే పగటిచుక్కని చూడటానికి మంత్రిగారు వస్తున్నారనీ, మెట్టమీద గోడలన్నిటికీ లోపలా బయటా సున్నం వెయ్యాలనీ ఉత్తర్వు పడింది. వీళ్లు వెళ్లేసరికి సున్నం బకెట్టు గుమ్మంలో ఉంది. మేస్త్రీ చేతిలో కుంచె ఉంది. కుంచెకి, గోడకి మధ్య అట్లకాడతో సన్నెమ్మ ఉంది.

"లోపలికి అడుగెట్టినావంటే నీ మొకానికే సున్నం ఏయిస్తాను! నెలకోసారి ఏయమని మేం అడిగినప్పుడు రానోళ్లు, ఇయాళ నా మొగుడి నిజం సెరపడానికొచ్చినారా?"

నౌషీన్ గోడ చూసింది. ఎనభై నాలుగు గీతలు, తారీకులతో సహా. ఒకటొకటీ వేలితో తాకకుండా లెక్కపెట్టింది. చివరి గీతల దగ్గర ఆగి, ఫోన్ తీసి ఫోటోలు తీసి, సన్నెమ్మని గట్టిగా కావలించుకుంది. అట్లకాడ మధ్యలో నలిగింది.

ఆ ఫోటోలు ఎక్కడెక్కడికో వెళ్లాయి. ఎక్కడెక్కడివాళ్లో ఆ గోడ గురించి రాశారు. పైనుంచి అభినందన వచ్చింది, మార్తాండరావుగారికి. వెనకే ఇంకో ఉత్తర్వు. సదరు వంటింటి గోడను రక్షిత కట్టడముగా, శాశ్వత ప్రాతిపదికన శాఖలోకి తీసుకోవడమైనది. గోడ పర్మినెంటు అయింది. రక్షిత కట్టడం దగ్గర పొయ్యి వెలిగించకూడదు గనక సన్నెమ్మ వంట పెరట్లోకి మారింది. గోడకి కాపలాదారు పోస్టు ఒకటి మంజూరైంది, టెంపరరీ. అందులో ఎరకయ్యని వేశారు. పాత పని ఎలాగూ ఉంది.

ఆర్ద్ర కొన్ని నెలలు అర్ధచంద్రుడిలా వెలిగింది, తర్వాత తగ్గుతూ వచ్చింది. మూడో ఏటికి కంటికి ఆనలేదు. ఆకాశంలో వేటగాడి ఆకారంలో ఉండే చుక్కల గుంపుకి ఆ భుజం ఖాళీ అయిపోయింది. కానీ ఆఫీసులో కాగితం ఉంది కదా, స్వయముగా హాజరైనట్లు, దివ్యముగా ఉన్నట్లు. నవంబరు రాగానే మార్తాండరావుగారు మళ్లీ ఫారం తీశారు. ఉన్న ఒక్క చుక్కా ఉండి తీరాలి. అప్పటికి గదులు ఇరవై మూడు అయ్యాయి.

"ఎరకయ్యా, రిజిస్టరులో కనపడింది అని ఒక్క ముక్క వ్రాయి. ఈ పర్యాయము నీ పర్మినెంటు నా పూచీ. కావలసిన కాగితము ఇదిగో, సంతకము కూడా చేసి ఉంచినాను."

నిజంగానే సంతకం ఉంది. ఎరకయ్య దాన్ని చేత్తో తడిమి చూశాడు. తర్వాత బయటికెళ్లి, ఆ ఖాళీ చోటు వంక చూసి, లోపలికొచ్చి రిజిస్టరులో రాశాడు.

"వత్తి ఆరింది."

మార్తాండరావుగారు చదివి, పర్మినెంటు కాగితం సొరుగులో పెట్టి తాళం వేశారు. "ఈ వ్రాతతో నువ్వు ఎప్పటికిని టెంపరరీవే."

"కోటేళ్లు ఎలిగినోడికే పర్మినెంటు ఇయ్యనేదు బాబూ," అన్నాడు ఎరకయ్య చెప్పులు తొడుక్కుంటూ. "నానేపాటి?"

పెరట్లోంచి సన్నెమ్మ కేకేసింది, కూడు సల్లారిపోతోందని. గోడకి తాళం వేసి వెళ్లాడు.